ఆసిఫాబాద్ జిల్లా జనాభా ఎంత అంటే, ఏ హద్దుల్లో అని అడగాలి

మాస్టారు గారికి నమస్కారం.

మీ బడి పిల్లల కోసం కుమురం భీం ఆసిఫాబాద్ జిల్లా మీద చిన్న పరిచయ పుస్తకం తయారుచేస్తున్నానని, జనాభా దగ్గరకు వచ్చేసరికి చిక్కుపడ్డానని రాశారు. ఒకచోట 27 లక్షలని ఉంది, ఇంకోచోట 5 లక్షల 15 వేలని ఉంది. విస్తీర్ణం ఒక పుస్తకంలో 4,878 చదరపు కిలోమీటర్లు, మరో పుస్తకంలో 4,300. పాత పటంలో మండలాలు 12 లెక్కకు వస్తే కొత్త పటంలో 15 వస్తున్నాయి. వీటిలో ఏది నిజం, పిల్లలకు ఏది చెప్పాలి అని అడిగారు. నేను గణాంక శాఖలో చేరిన నాటి నుంచి పదవీ విరమణ వరకు ఎక్కువ కాలం ఉమ్మడి ఆదిలాబాద్‌లోనే పనిచేశాను. ఈ అంకెలతోనే నా ఉద్యోగం గడిచింది కాబట్టి కాస్త వివరంగా రాస్తున్నాను. ఓపికగా చదవండి.

ముందు మీకు కావలసిన జవాబు. ఇప్పుడున్న హద్దుల ప్రకారం, 2011 జనగణనలో కుమురం భీం ఆసిఫాబాద్ జిల్లా జనాభా 5,15,812. రెవెన్యూ డివిజన్లు 2: ఆసిఫాబాద్, కాగజ్‌నగర్. మండలాలు 15. ఇందులో ఒక విచిత్రం గమనించండి. 2011లో ఈ జిల్లాయే లేదు. 2016 అక్టోబరు 11న, దసరా నాడు, తెలంగాణలో 10 జిల్లాలు 31 అయినప్పుడు ఇది పుట్టింది. అంటే మనుషులను లెక్కించింది ఒక హద్దులో, ఆ లెక్కను పంచింది అయిదేళ్ల తర్వాత గీసిన మరో హద్దులో. మీకు కనిపించిన గందరగోళమంతా ఇక్కడే మొదలైంది.

27 లక్షల అంకె తప్పు కాదు. అది ఉమ్మడి ఆదిలాబాద్ జిల్లాది. 52 మండలాలతో, 16,105 చదరపు కిలోమీటర్ల విస్తీర్ణంతో ఉన్న ఆ జిల్లాలో 2011లో 27,41,239 మంది ఉన్నారు. ఆ జిల్లాను 2016లో నాలుగుగా విడదీశారు. ఇప్పటి ఆదిలాబాద్‌కు 7,08,972, నిర్మల్‌కు 7,09,418, మంచిర్యాలకు 8,07,037, ఆసిఫాబాద్‌కు 5,15,812 వచ్చాయి. కాగితం తీసుకుని ఈ నాలుగూ కూడండి. సరిగ్గా 27,41,239 వస్తుంది, ఒక్క మనిషి కూడా తేడా రాడు. పక్క జిల్లాల నుంచి గ్రామాలు ఇటు రాలేదు, ఇక్కడివి అటు పోలేదు కాబట్టి ఇంత శుభ్రంగా కలిసింది. మీ పిల్లలతో ఈ కూడిక తప్పకుండా చేయించండి. ముక్కలన్నీ కలిపితే మొత్తం రావాలి. జిల్లా లెక్కలను పరీక్షించడానికి నాకు తెలిసిన అన్నింటికన్నా నమ్మకమైన పద్ధతి అదే.

విస్తీర్ణానికి కూడా అదే పరీక్ష పెడదాం. జిల్లాలు కొత్తగా ఏర్పడిన రోజుల్లో ప్రచారంలోకి వచ్చిన జాబితాలో ఆసిఫాబాద్‌కు 4,878 చదరపు కిలోమీటర్లని ఉంది. ఆ జాబితాలోని నాలుగు జిల్లాల విస్తీర్ణాలు కూడితే పాత జిల్లా విస్తీర్ణాన్ని దాటిపోతాయి. భూమి పెరగదు కదా, కాబట్టి ఆ జాబితాలో ఎక్కడో పొరపాటుంది. తర్వాత వచ్చిన గణాంక పుస్తకాల్లో ఆదిలాబాద్ 4,185.97, నిర్మల్ 3,562.51, మంచిర్యాల 4,056.36, ఆసిఫాబాద్ 4,300.16 అని ఇచ్చారు. ఇవి కూడితే 16,105.00 వస్తుంది. మీ పుస్తకంలో 4,300.16 వేసుకోండి. దీనివల్ల జనసాంద్రత కూడా మారుతుంది. 4,878తో భాగిస్తే చదరపు కిలోమీటరుకు 106 మంది, 4,300.16తో భాగిస్తే 120 మంది. పాత 106 ఇంకా చాలా పుస్తకాల్లో తిరుగుతూనే ఉంది. మనుషుల లెక్క సరైనదే అయినా కింద పెట్టిన భూమి లెక్క పొరపాటైతే సాంద్రత ఇలా పక్కదారి పడుతుంది. సరైన అంకె తీసుకున్నా ఉమ్మడి జిల్లా సగటు 170తో, మంచిర్యాల 199తో పోలిస్తే ఆసిఫాబాద్ పల్చగా జనం ఉన్న జిల్లాయే. అడవి, గుట్టలు, ప్రాణహిత ఒడ్డు అన్నీ కలిసిన నేల అది.

ఈ గీతలు మారడం 2016తోనే మొదలు కాలేదు. నిజాం కాలంలో ఈ ప్రాంతాన్ని సిర్పూర్-తాండూర్ అనేవారు. పూర్తి స్థాయి జిల్లా కూడా కాదు. 1905లో దాన్ని ఆదిలాబాద్ జిల్లాగా చేశారు. ఆ జిల్లాలో కిన్వట్, రాజురా తాలూకాలు ఉండేవి. 1956లో రాష్ట్రాల పునర్వ్యవస్థీకరణ జరిగినప్పుడు ఆ రెండు తాలూకాలూ, బోథ్ తాలూకాలోని ఇస్లాపూర్ భాగమూ అప్పటి బొంబాయి రాష్ట్రానికి వెళ్లాయి. అందుకని 1951 జనాభా పక్కన 1961 జనాభా పెట్టి పెరుగుదల శాతం కట్టేవారు ముందు ఆ తాలూకాల మాట తేల్చుకోవాలి. 2001లో 24,88,003 నుంచి 2011లో 27,41,239కి, అంటే 10.18 శాతం పెరిగిందనడంలో మాత్రం ఇబ్బంది లేదు. ఆ పదేళ్లూ జిల్లా హద్దు మారలేదు.

ఇలాంటిదే పెద్ద ఉదాహరణ ఒకటి చెబుతాను, పిల్లలకు బాగా పట్టుబడుతుంది. తెలంగాణ 2011 జనాభా కొన్ని పుస్తకాల్లో 3,51,93,978 అని, కొన్నింటిలో 3,50,03,674 అని ఉంటుంది. తేడా 1,90,304. పోలవరం ముంపు పేరుతో 2014లో ఖమ్మం జిల్లా నుంచి ఆంధ్రప్రదేశ్‌లో కలిపిన మండలాల ప్రజలు వాళ్లు. పుస్తకం అచ్చువేసినవారు ఏ గీత తీసుకున్నారన్నదే తేడా.

ఇక మండలాలు. ఆసిఫాబాద్ డివిజన్‌లో ఆసిఫాబాద్, రెబ్బెన, తిర్యాణి, వాంకిడి, కెరమెరి, జైనూరు, సిర్పూర్-యు, లింగాపూర్ ఉన్నాయి. కాగజ్‌నగర్ డివిజన్‌లో కాగజ్‌నగర్, సిర్పూర్-టి, కౌటాల, చింతలమానేపల్లి, బెజ్జూరు, పెంచికల్‌పేట, దహెగాం ఉన్నాయి. వీటిలో లింగాపూర్, చింతలమానేపల్లి, పెంచికల్‌పేట 2016లో కొత్తగా ఏర్పడినవి. మీ పాత పటంలో 12 వచ్చింది అందుకే. ఆ ఏడాది రాష్ట్రమంతటా మండలాలు 459 నుంచి 584కు పెరిగాయి.

కొత్త మండలాల జనాభా కోసం 2011 జనగణన సంపుటిలో వెతికితే దొరకదు. ఆనాడు ఆ పేరుతో మండలమే లేదు కదా. లింగాపూర్ జనాభా కావాలంటే దానిలోకి వచ్చిన గ్రామాల పేర్లు రాసుకుని, పాత సిర్పూర్-యు మండలం కింద ఒక్కో గ్రామం లెక్క తీసి కూడుకోవాలి. ఆ తర్వాత సిర్పూర్-యు లెక్కలో నుంచి అంతే తీసివేయాలి. ఈ రెండో పని చాలామంది మరచిపోతారు. అప్పుడు ఒకే మనిషి రెండు మండలాల్లో కనిపిస్తాడు.

సిర్పూర్ అనే పేరు దగ్గర కూడా జాగ్రత్త. గిరిజన మండలం సిర్పూర్-యు, అందులో యు అంటే ఉట్నూరు. పాత తాలూకా కేంద్రం సిర్పూర్-టి, దాని రైల్వే స్టేషను పేరు సిర్పూర్ టౌన్. సిర్పూర్ కాగజ్‌నగర్ అనేది మరో రైల్వే స్టేషను, అది ఉన్నది కాగజ్‌నగర్ పట్టణంలో. రాష్ట్రంలో ఒకటో నంబరు శాసనసభ నియోజకవర్గం పేరు కూడా సిర్పూరే. ఒక సిర్పూర్ అంకెను ఇంకో సిర్పూర్‌కు రాసిన నివేదికలు నా చేతుల్లోకి ఎన్నో వచ్చాయి.

మండలం అనేది కూడా మనం అనుకున్నంత పాతది కాదు. 1985 వరకు ఇక్కడ తాలూకా, దాని కింద ఫిర్కా ఉండేవి. తాలూకా పెద్దది. సిర్పూర్, ఆసిఫాబాద్, ఉట్నూరు తాలూకాల్లో మారుమూల గూడెం మనిషి తహసీల్ కచేరీకి వెళ్లాలంటే సద్ది కట్టుకుని ఒక రోజు ముందే బయలుదేరవలసి వచ్చేది. 1984లో పటేల్, పట్వారీల వ్యవస్థ రద్దయింది. 1985లో తాలూకాల స్థానంలో మండలాలు వచ్చాయి. ఇప్పటికీ పెద్దవాళ్లు ‘మాది ఉట్నూరు తాలూకా’ అంటారు, రెవెన్యూ ఇన్‌స్పెక్టర్‌ను గిర్దావర్ అనే పిలుస్తారు. మీ పుస్తకంలో ఆ మాటలకు కూడా చోటివ్వండి. తాత చెప్పే ఊరి చరిత్ర పిల్లలకు అర్థం కావాలంటే అవి తెలియాలి.

మండలం కిందికి దిగితే అసలు కష్టం మొదలవుతుంది. ఊరు అనే ఒక్క మాటకు ప్రభుత్వ కాగితాల్లో మూడు వేర్వేరు అర్థాలున్నాయి. రెవెన్యూ గ్రామం అంటే సర్వే నంబర్లు, నక్షా, హద్దురాళ్లు ఉన్న భూమి. గ్రామ పంచాయతీ అంటే సర్పంచిని ఎన్నుకునే పాలనా ముక్క. ఆవాసం అంటే మనుషులు నిజంగా ఇళ్లు కట్టుకుని ఉంటున్న చోటు, మన దగ్గర గూడెం, తండా, శివారు అంటాం. జనగణన పల్లెల్లో లెక్క కట్టేది రెవెన్యూ గ్రామానికి. పథకాలు అడిగేది పంచాయతీ లెక్క. జనం చెప్పేది గూడెం పేరు.

2018 పంచాయతీరాజ్ చట్టంతో 500 జనాభా దాటిన తండాలను, గూడేలను పంచాయతీలుగా చేశారు. రాష్ట్రంలో 4,383 కొత్త పంచాయతీలు ఏర్పడి మొత్తం 12,751 అయ్యాయి. మన జిల్లాలోనే మూడు వందలకు పైగా ఉన్నాయి. గూడెం మనిషి తన గూడెంలోనే సర్పంచిని చూసుకోవడం మంచి మార్పు, దాన్ని నేను మనస్ఫూర్తిగా హర్షించాను. అయితే 2011 లెక్కల్లో ఆ గూడెం పేరు ఉండదు. అది ఏ రెవెన్యూ గ్రామం శివారో ఆ గ్రామం మొత్తం లెక్కలో కలిసిపోయి ఉంటుంది. విడిగా తీయడం ఆ సంపుటితో కుదరదు. కొత్త పంచాయతీకి 2011 జనాభా ఇంత అని ఎవరైనా ఇస్తే, గణనదారుల బ్లాకుల (ఒక్కో గణనదారుడికి అప్పగించిన ఇళ్ల గుంపుల) వివరాల నుంచి తీశారా, అంచనా వేశారా అని తప్పక అడగండి.

దీనికి ఎదురు పరిస్థితి కూడా ఉంది. రెవెన్యూ రికార్డులో గ్రామం ఉంటుంది, నక్షా ఉంటుంది, మనుషులు మాత్రం ఉండరు. వాటిని బేచిరాగ్ గ్రామాలంటారు, అంటే దీపం లేని ఊళ్లు. ఒకప్పుడు అక్కడ దీపం వెలిగింది. తర్వాత రోగాలకో, నీటి కోసమో, పోడు మారినప్పుడో జనం లేచిపోయారు. గోండు, కొలాం గూడేలు పాత రోజుల్లో చోటు మారడం మామూలే. చాలా గూడేలకు అక్కడి పటేల్ పేరే ఊరి పేరు అయ్యేది. పటేల్ మారితే జనం నోట పేరు మారుతుంది, కాగితంలో పాత పేరే నిలిచిపోతుంది. అందుకే జిల్లాలో మొత్తం గ్రామాల సంఖ్య, జనం ఉన్న గ్రామాల సంఖ్య అని జనగణన రెండు వేర్వేరు అంకెలు ఇస్తుంది. మీరు ఏది వేస్తున్నారో పక్కన రాయండి.

నా అనుభవం ఒకటి చెప్పాలి. కెరమెరి వైపు గుట్ట మీద ఒక కొలాం గూడెం ఉండేది. ఇరవై ఇళ్లకు మించవు. కిందనున్న పెద్ద ఊరి శివారు అని జాబితాలో ఉంది కాబట్టి గణనదారుడు కింది ఊరు పూర్తిచేసి వెళ్లబోయాడు. నేను పర్యవేక్షణకు వెళ్లి గుట్ట ఎక్కుదాం అన్నాను. గంటన్నర నడిచాం. పైన మమ్మల్ని చూసి ముందు భయపడ్డారు, అటవీ శాఖవాళ్లమనుకున్నారు. కొలామీ తెలిసిన కుర్రవాడు విషయం చెప్పాక ఒక ముసలమ్మ తన ఇంట్లోవాళ్ల పేర్లన్నీ చెప్పి, చివర్లో ‘మా పేరు కూడా రాస్తారా’ అని అడిగింది. ఆ గుట్ట ఎక్కకపోయి ఉంటే జిల్లా జనాభాలో నూరు మంది తగ్గేవారు, ఎవరికీ తెలిసేది కాదు. కొలాంలు, తోటీలు కేంద్రం ప్రత్యేకంగా గుర్తించిన బలహీన గిరిజన సమూహాలు. వాళ్ల సంఖ్య చిన్నది కాబట్టి అక్కడ నూరు మంది తేడా అంటే చాలా పెద్ద తేడా.

గిరిజన జనాభా గురించి మీరు విడిగా అడగలేదు కానీ ఈ జిల్లా పుస్తకంలో అది లేకపోతే కుదరదు. 5,15,812 మందిలో షెడ్యూల్డ్ తెగలవారు 1,33,627, అంటే 25.91 శాతం. షెడ్యూల్డ్ కులాలవారు 81,596, అంటే 15.82 శాతం. ఉమ్మడి ఆదిలాబాద్‌లో తెగల వాటా 18 శాతం మాత్రమే. జిల్లా విడిపోయాక ఒక కార్యాలయంలో కొత్త జిల్లా ప్రణాళిక తయారుచేస్తూ, అలవాటు కొద్దీ పాత 18 శాతాన్నే 5,15,812కు వేశారు. దాదాపు 93 వేలు వచ్చింది. నలభై వేల మంది గిరిజనులు కాగితం మీద లేకుండా పోయారు. వసతి గృహాల సీట్ల అంచనా ఆ అంకె మీదే కట్టారు. సరిచూసే వరుసలో నా దగ్గరకు వచ్చింది కాబట్టి దిద్దగలిగాం. పాత జిల్లా సగటును కొత్త జిల్లాకు తగిలించడం ఎంత ప్రమాదమో ఆ రోజు నాకు బాగా తెలిసింది. మిగిలిన సగటులూ అంతే. అక్షరాస్యత ఉమ్మడి జిల్లాలో 61.01 శాతం, ఆసిఫాబాద్‌లో 56.72 శాతం. వెయ్యి మంది పురుషులకు స్త్రీలు అక్కడ 1,001, ఇక్కడ 998.

అక్షరాస్యత కట్టేటప్పుడు ఒక జాగ్రత్త ఉంది. మొత్తం జనాభాతో భాగించకూడదు. ఏడేళ్లలోపు పిల్లలను తీసివేసి, మిగిలినవారితో భాగించాలి. పిల్లలు ఎక్కువగా ఉన్న గిరిజన మండలాల్లో ఈ పొరపాటు చేస్తే అక్షరాస్యత ఉన్నదానికన్నా చాలా తక్కువగా కనబడుతుంది.

పాత పుస్తకాలు తిరగేస్తే 1971కీ 1981కీ మధ్య ఆదిలాబాద్‌లో తెగల జనాభా ఒక్కసారిగా పెరిగినట్టు కనిపిస్తుంది. దాన్ని చూసి కాన్పులు పెరిగాయనో, వలసలే కారణమనో తేల్చేయకండి. 1976 చట్టంతో తెగల జాబితాలోని ప్రాంతీయ పరిమితులు పోయాయి, తెలంగాణలోని లంబాడాలు ఆ జాబితాలో చేరారు. అప్పటివరకు ఒక పెట్టెలో లెక్కించినవారిని తర్వాత ఇంకో పెట్టెలో లెక్కించారు. వలసలూ ఉన్నాయి, కాదనను. ఎంత భాగం వలస, ఎంత భాగం జాబితా మార్పు అన్నది విడదీయకుండా ఆ అంకెను వాడితే మనుషుల మధ్య అనవసరమైన కోపాలు పెరుగుతాయి.

భాషల మాట కూడా కలపండి. ఈ జిల్లాలో తెలుగుతోపాటు గోండి, కొలామీ, మరాఠీ, లంబాడీ, ఉర్దూ వినిపిస్తాయి. కాగజ్‌నగర్ దగ్గర నజ్రుల్‌నగర్‌లో, ఈస్‌గాం వైపు బెంగాలీ కూడా వినిపిస్తుంది. ఒకప్పటి తూర్పు పాకిస్తాన్ నుంచి శరణార్థులుగా వచ్చినవారికి ప్రభుత్వం అక్కడ భూములిచ్చి స్థిరపరిచింది. కాగజ్‌నగర్ కూడా బయటి నుంచి వచ్చినవారితో పెరిగిన ఊరే. కొత్తపేట అనే పల్లె పక్కన సిర్పూర్ పేపర్ మిల్లు వచ్చింది, దానివల్లే కాగితపు నగరం అనే అర్థంలో ఆ పేరు స్థిరపడింది. 2011లో ఆ పట్టణ జనాభా 57 వేలు పైచిలుకు. 2014లో మిల్లు మూతపడింది, 2018లో మళ్లీ తెరిచారు. మిల్లు ఆగిన ఆ నాలుగేళ్లలో ఎన్ని కుటుంబాలు ఊరు విడిచాయో 2011 అంకె చెప్పలేదు.

పట్టణం అన్నప్పుడు ఇంకో మాట. 2011లో ఆసిఫాబాద్‌ను జనగణనలో పట్టణంగానే లెక్కించారు, కానీ అక్కడ పాలన గ్రామ పంచాయతీది. జనాభా కనీసం 5,000, మగ కార్మికుల్లో కనీసం 75 శాతం వ్యవసాయేతర పనుల్లో ఉండటం, చదరపు కిలోమీటరుకు 400 మంది. ఈ మూడూ ఉంటే మున్సిపాలిటీ లేకపోయినా దాన్ని జనగణన పట్టణం అంటారు. పట్టణ జనాభా శాతం చెప్పేటప్పుడు మున్సిపాలిటీని మాత్రమే తీసుకుంటే లెక్క తక్కువ వస్తుంది.

ఇప్పుడు జిల్లా గీతను పట్టించుకోని విభాగాల సంగతి. వీటిని చెప్పకుండా పాలనా విభాగాలు అనే అధ్యాయం రాస్తే పిల్లలు తమ చుట్టూ చూసేదానికీ చదివేదానికీ పొంతన కుదరదు. ఆసిఫాబాద్ శాసనసభ నియోజకవర్గం హద్దులు 2008 నాటివి. అందువల్ల నార్నూరు ప్రాంతం ఆదిలాబాద్ జిల్లాలో ఉన్నా అక్కడివారు ఓటువేసేది ఆసిఫాబాద్ నియోజకవర్గంలో. సిర్పూర్, ఆసిఫాబాద్ నియోజకవర్గాలు రెండూ ఆదిలాబాద్ లోక్‌సభ స్థానం కిందికే వస్తాయి. ఉట్నూరులోని సమగ్ర గిరిజనాభివృద్ధి సంస్థ ఉన్నది ఆదిలాబాద్ జిల్లాలో, పనిచేసేది పాత ఉమ్మడి జిల్లా గిరిజనులందరి కోసం. జిల్లాలు 2016లో విడిపోయినా జిల్లా పరిషత్ 2019 ఎన్నికల దాకా ఉమ్మడిగానే నడిచింది. అంటే దాదాపు మూడేళ్లపాటు కలెక్టరు ఒక జిల్లాకు, జిల్లా పరిషత్ అధ్యక్షురాలు నాలుగు జిల్లాలకు. ఆ కాలం నాటి జిల్లా పరిషత్ లెక్కలను కలెక్టరు కార్యాలయం లెక్కలతో పోల్చకండి. ఇక రాజ్యాంగం అయిదో షెడ్యూలు కింద వచ్చే, అంటే గిరిజనులకు ప్రత్యేక రక్షణలున్న ప్రాంతం జిల్లా అంతా కాదు. కొండ వైపు మండలాల్లో ఎక్కువ, కాగజ్‌నగర్ వైపు తక్కువ. అది గ్రామాల జాబితా ప్రకారం నడుస్తుంది, మండలం పేరు చూసి చెప్పకూడదు.

జైనూరు, సిర్పూర్-యు వైపు జనాన్ని అడగండి, వాళ్లకు ఉట్నూరే దగ్గర. సంత, ఆసుపత్రి, చుట్టరికాలు అన్నీ అటువైపు. పాత తాలూకా కూడా ఉట్నూరే. కొత్త గీతలో కలెక్టరు కచేరీ ఆసిఫాబాద్ అయింది. జిల్లా చిన్నదైతే కచేరీ దగ్గరవుతుందన్నది కాగజ్‌నగర్, వాంకిడి వాళ్లకు నిజమైంది. అక్కడి నుంచి ఆదిలాబాద్ వెళ్లిన కష్టం నాకు తెలుసు, అందుకే జిల్లా విభజనను నేను సమర్థిస్తాను. జైనూరు సంగతి మాత్రం మరింత ఆలోచించి ఉండాల్సిందని నా అభిప్రాయం. మార్లవాయి ఆ మండలంలోనే ఉంది. 1940లో జోడేఘాట్‌లో కుమురం భీం అమరుడైన తర్వాత నిజాం ప్రభుత్వం గోండుల స్థితిగతులు చూడమని పంపిన మానవశాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్, తన భార్య బెట్టీతో కలిసి నివసించింది ఆ ఊళ్లోనే. బెట్టీ సమాధి కూడా అక్కడే ఉంది. పిల్లలను ఒకసారి తీసుకువెళ్లండి.

సరిహద్దు గ్రామాల గురించి మీరు ప్రత్యేకంగా అడిగారు. కెరమెరి మండలంలో పరందోళి, అంతాపూర్, ముకదంగూడ, మరికొన్ని ఆవాసాలను తెలంగాణ, మహారాష్ట్ర రెండూ తమవే అంటాయి. అటువైపు అవి చంద్రపూర్ జిల్లా జివతి తాలూకా కింద ఉన్నాయి. ఆ జివతి ఒకప్పటి రాజురా తాలూకాలో నుంచి వచ్చిందే, అంటే ఈ చిక్కు మూలం 1956 గీతలో ఉంది. అక్కడి కుటుంబాలకు రెండు రాష్ట్రాల రేషన్ కార్డులు ఉంటాయి, రెండు ఓటరు జాబితాల్లో పేర్లుంటాయి. తెలుగు బడి ఒకటి, మరాఠీ బడి ఒకటి పక్కపక్కన కనిపిస్తాయి. ఇంత ఉన్నా భూమికి పట్టా కోసం దశాబ్దాలుగా తిరుగుతున్నారు. రెండు కార్డులున్నాయని వాళ్లను తప్పుపట్టేవారిని చూశాను. ఆ మాట నాకు నచ్చదు. గీత తేల్చవలసింది ప్రభుత్వాలు, ఆ మనుషులు కాదు. మీ పుస్తకానికి సంబంధించినంతవరకు, ఓటరు జాబితాలనూ రేషన్ కార్డులనూ కూడి ఈ ఊళ్ల జనాభా రాయకండి. ఒకే మనిషిని రెండుసార్లు లెక్కించినట్టవుతుంది.

మరి ఈనాటి జనాభా ఎంత అన్నది మీ చివరి ప్రశ్న. 2011 తర్వాత 2021లో జరగవలసిన జనగణన కోవిడ్ వల్ల ఆగిపోయింది. 2014 ఆగస్టు 19న సమగ్ర కుటుంబ సర్వే, 2024 నవంబరులో మొదలైన కులాల సర్వే రాష్ట్రం చేసినవి. రెండో దానిలో 3,54,77,554 మంది వివరాలు వచ్చాయి, 96.9 శాతం కుటుంబాలు అందులో ఉన్నాయి. కొన్ని ఇళ్లు మిగిలిపోయాయి కాబట్టి దాన్ని 2011 జనగణన పక్కన పెట్టి పదమూడేళ్లలో ఇంతే పెరిగామని అనకూడదు. ఓటరు జాబితాలో పద్దెనిమిదేళ్లు నిండినవారే ఉంటారు, ఆధార్ జారీ సంఖ్యలో చనిపోయినవారు కూడా ఉంటారు. 2001-2011 పెరుగుదల 10.18 శాతాన్ని ముందుకు పొడిగించి లెక్క కట్టడం సులువే, కానీ ఆ శాతం నాలుగు జిల్లాలది. గనుల పట్టణాలున్న మంచిర్యాల, అడవి మండలాలున్న ఆసిఫాబాద్ ఒకే వేగంతో పెరిగాయని ఎలా అనుకుంటాం? పిల్లల పుస్తకంలో అంచనా వద్దు. 2011 అంకె వేసి, సంవత్సరం రాయండి, చాలు.

కొత్త లెక్క వస్తోంది కదా. 2025 జూన్ 16న నోటిఫికేషన్ ఇచ్చారు. గణన 2027 ఫిబ్రవరిలో, లెక్కకు ప్రమాణంగా తీసుకునే క్షణం ఫిబ్రవరి 28 దాటి 2027 మార్చి 1 మొదలయ్యే అర్ధరాత్రి. దానికోసం 2025 డిసెంబరు 31 నాటికి ఉన్న పాలనా హద్దులను స్థిరంగా ఉంచాలని నిర్ణయించారు. ఆసిఫాబాద్ పేరుతో ఈ జిల్లాకు నేరుగా జరిగే మొదటి జనగణన ఇది. లింగాపూర్, చింతలమానేపల్లి, పెంచికల్‌పేట మండలాలకు మొదటిసారి తమ సొంత వరుస వస్తుంది.

పుస్తకంలో పట్టిక వేసేటప్పుడు ఒక్కో మండలం పక్కన నాలుగు గళ్లు పెట్టండి: పాత తాలూకా, 2011లో ఏ మండలంలో ఉంది, ఇప్పుడు ఏ రెవెన్యూ డివిజన్, ఏ శాసనసభ నియోజకవర్గం. జనాభా గడి దాని తర్వాత. రెవెన్యూ గ్రామాలకు జనగణనవారు ఇచ్చిన ఆరంకెల కోడ్ 2011 సంపుటిలో ఉంటుంది, పేరు పక్కన అదీ రాయండి. పేర్లు ఎన్ని రకాలుగా రాసినా కోడ్ ఒకటే కాబట్టి రెండు రాంపూర్లు కలిసిపోవు. పాత సంపుటిలో జిల్లా కోసం వెతికేటప్పుడు ఆసిఫాబాద్ అని చూడకండి, ఆంధ్రప్రదేశ్ కింద 532వ నంబరు ఆదిలాబాద్ తెరవండి.

చివరి గడి ఒకటి ఖాళీగా వదలండి, 2027 అని రాసి. మీ పిల్లలే దాన్ని నింపుకుంటారు. సిర్పూర్-యు, లింగాపూర్ గ్రామాల జాబితా విడదీయడంలో ఇబ్బంది వస్తే నాకు మళ్లీ రాయండి, నా పాత నోటుపుస్తకాలు చూసి చెబుతాను.